నిజాం సొమ్ము, సార్వభౌముల డాలు: హైదరాబాదు వ్యాజ్యాల వెలుగులో అంతర్జాతీయ న్యాయ వికాసం

1. పరిచయం

కౌకూరు నుండి బొల్లారం వైపు వెళ్ళేవారికి నేటికీ సైనిక స్థలాలు, పాత బంగళాలు, రైలు పట్టాలు కనబడతాయి. బొల్లారంలోని రాష్ట్రపతి నిలయం ఒకప్పుడు బ్రిటిష్ రెసిడెంటు విడిది గృహం. నిజాం రాజ్యపు ఖర్చుతో, బ్రిటిష్ అధికారుల చేతికింద నడిచిన హైదరాబాదు కంటింజెంటు సేన ఈ బొల్లారంలోనే ఉండేది. దాని ఖర్చు కోసమే 1853 ఒప్పందం ద్వారా బీరారు ప్రాంతాన్ని నిజాం బ్రిటిష్ వారికి అప్పగించవలసి వచ్చింది. అంటే మనం రోజూ నడిచే ఈ నేల మీద రెండు అధికారాలు పక్కపక్కనే నిలిచాయి. ఒక పొలిమేర దాటితే నిజాం న్యాయం, మరొక పొలిమేర దాటితే రెసిడెంటు న్యాయం.

ఇటువంటి చోట ఒక ప్రశ్న సహజంగా పుడుతుంది. ఇద్దరు రాజులు తగవులాడుకుంటే తీర్పు ఎవరు చెప్పాలి? రాజుకు పైన న్యాయం ఉందా? ఉంటే, దాని ముందు నిలబడి మాట్లాడే అర్హత ఎవరికి ఉంది? అంతర్జాతీయ న్యాయశాస్త్రం ఈ మూడు ప్రశ్నల నుండే పుట్టింది. ఆ శాస్త్రానికి తొలి పునాదులు వేసినవారిలో దైవశాస్త్ర పండితులు ఉన్నారనే సంగతి మన విద్యార్థులలో చాలామందికి తెలియదు. ఈ వ్యాసంలో ఆ శాస్త్ర వికాసాన్ని ఐరోపా గ్రంథాలయాల నుండి గాక, హైదరాబాదుకు సంబంధించిన మూడు వ్యాజ్యాల నుండి పరిశీలించే ప్రయత్నం చేస్తున్నాను. అవి 1897లో ప్రివీ కౌన్సిల్ తీర్పు చెప్పిన శంకర్‌పల్లి అరెస్టు వ్యాజ్యం, 1948లో భద్రతా మండలి ముందుకు వెళ్ళిన హైదరాబాదు ఫిర్యాదు, 1948 నుండి 2019 వరకు లండనులో చిక్కుకుపోయిన నిజాం నిధి వ్యాజ్యం.

2. ఆదిలో దైవశాస్త్ర పండితులు

స్పెయిను దేశపు సాలమాంకా విశ్వవిద్యాలయంలో డొమినికన్ సన్యాసి ఫ్రాన్సిస్కో దె విటోరియా 1539లో అమెరికా ఆదివాసుల గురించి ఉపన్యసించాడు. స్పెయిను సేనలు అప్పటికే వారి నేలను ఆక్రమించాయి. అవిశ్వాసులైనంత మాత్రాన వారు తమ భూమి మీద, తమ పాలన మీద హక్కు కోల్పోరని విటోరియా వాదించాడు. లోకమంతటి మీద లౌకికాధికారం పోపుకు లేదని కూడా చెప్పాడు. తన రాజు, తన సంఘం సంపాదించుకుంటున్న కాలంలో ఒక సన్యాసి ఇలా మాట్లాడడం చిన్న విషయం కాదు.

అయితే అతని బోధను పూర్తిగా చదవాలి. ప్రయాణానికి, వర్తకానికి, సువార్త ప్రకటనకు ఆదివాసులు అడ్డుపడితే వారిపై యుద్ధం న్యాయమే కావచ్చునని కూడా విటోరియా అన్నాడు. ముందు తలుపున బయటికి పంపిన ఆక్రమణ వెనుక తలుపున లోపలికి వచ్చింది. మిషనరీ చరిత్ర చదివే మనం ఈ రెండవ మాటను దాచిపెట్టకూడదు.

తరువాతి తరంలో ఇటలీ నుండి ప్రొటెస్టెంటు విశ్వాసం నిమిత్తం పారిపోయి ఇంగ్లండు చేరిన అల్బెరికో జెంటిలీ ఆక్స్‌ఫర్డులో న్యాయశాస్త్రం బోధించాడు. తమది కాని విషయంలో దైవశాస్త్రజ్ఞులు మౌనం వహించాలని అతడు ఘాటుగా హెచ్చరించాడు. మతయుద్ధాలతో ఐరోపా రగిలిపోతున్న రోజులవి. ఆ హెచ్చరికకు కారణం లేకపోలేదు.

డచ్చి పండితుడు హ్యూగో గ్రోషియస్ (1583–1645) న్యాయవాది, బైబిలు వ్యాఖ్యాత కూడా. యుద్ధ శాంతుల న్యాయాన్ని గూర్చిన అతని మహాగ్రంథం 1625లో వెలువడింది. దేవుడు లేడని ఒప్పుకున్నా సహజ న్యాయానికి కొంత బలం మిగులుతుందని అందులో వాదించాడు. అలా ఒప్పుకోవడం మహాపాపమని కూడా వెంటనే అన్నాడు. అతని ఉద్దేశం దేవుణ్ణి తొలగించడం కాదు. పరస్పరం నరుక్కుంటున్న కాథలిక్కులకూ ప్రొటెస్టెంట్లకూ కూడా కట్టుబడక తప్పని న్యాయాన్ని చూపించడం అతని ఉద్దేశం.

గ్రోషియస్‌కు తెలుగు తీరంతో సంబంధం ఉంది. డచ్చి ఈస్టిండియా కంపెనీ 1605–06 ప్రాంతంలో గోల్కొండ కుతుబ్‌షాహీల రేవు మచిలీపట్నంలో వర్తక స్థావరం ఏర్పరచుకుంది. ఆ కంపెనీ పక్షాన వాదిస్తూ, సముద్రం అందరిదని నిరూపించడానికి గ్రోషియస్ 1609లో ఒక చిన్న గ్రంథం ప్రకటించాడు. తూర్పు దేశాల రాజులు క్రైస్తవులు కాకపోయినా నిజమైన సార్వభౌములేనని, పోర్చుగీసువారు వారి దేశాలను కనుగొన్నామని చెప్పుకోవడం చెల్లదని అందులో వాదించాడు. వాదన గొప్పదే. కాని దానికి ఫీజు చెల్లించింది ఒక వర్తక కంపెనీ. న్యాయసూత్రాలు పరిశుద్ధమైన చేతుల నుండే రావాలని చరిత్ర నియమం పెట్టలేదు.

3. బయటకు నెట్టబడిన రాజ్యాలు

పదిహేడు, పద్దెనిమిది శతాబ్దాలలో ఐరోపా కంపెనీలు మన రాజులతో సంధులు చేసుకున్నాయి. 1798, 1800 సంవత్సరాలలో నిజాంతో ఈస్టిండియా కంపెనీ చేసుకున్న సైన్య సహకార ఒప్పందాలు అటువంటివే. సంధి ఉందంటే ఇరుపక్షాలూ న్యాయం ముందు వ్యక్తులేనని అర్థం. 1950లలో మద్రాసు విశ్వవిద్యాలయంలో బోధించిన పోలండు దేశీయుడు సి. హెచ్. అలెగ్జాండ్రోవిచ్ ఈ సంధులను పరిశోధించి 1967లో ఒక గ్రంథం ప్రకటించాడు. తూర్పు రాజ్యాలు మొదట అంతర్జాతీయ సమాజంలో సభ్యులుగానే ఉన్నాయని, పంతొమ్మిదవ శతాబ్దపు న్యాయశాస్త్రమే వాటిని బయటికి నెట్టిందని అతడు చూపించాడు.

ఆ శతాబ్దంలో జాన్ వెస్ట్‌లేక్ వంటి పండితులు అంతర్జాతీయ న్యాయం నాగరిక దేశాల మధ్య మాత్రమే వర్తిస్తుందని వాదించారు. నాగరికత అంటే ఆచరణలో ఐరోపా నాగరికతే. మణిపూరు తిరుగుబాటు తరువాత 1891 ఆగస్టులో భారత ప్రభుత్వ గెజిట్‌లో ఒక ప్రకటన వెలువడింది. రాణి సర్వాధిపత్యం కింద ఉన్న స్వదేశ సంస్థానాలకూ భారత ప్రభుత్వానికీ మధ్య సంబంధాలకు అంతర్జాతీయ న్యాయ సూత్రాలు వర్తించవని అది తేల్చిచెప్పింది. వంద సంవత్సరాల క్రితం సంధిపత్రం మీద సమానుడిగా సంతకం చేసిన రాజు, ఇప్పుడు ఆ పత్రాన్ని ఏ న్యాయస్థానం ముందూ చూపించలేని స్థితికి వచ్చాడు.

అయినా ఒక చిన్న కిటికీ తెరచి ఉంది. 1895లో యూసుఫుద్దీన్ అనే నిజాం ప్రజను శంకర్‌పల్లి రైలు స్టేషనులో అరెస్టు చేశారు. వారెంటు ఇచ్చింది ఎక్కడో సిమ్లాలోని మేజిస్ట్రేటు. ఆరోపించిన నేరానికి రైల్వేతో ఏ సంబంధమూ లేదు. రైలు మార్గపు భూమి మీద న్యాయాధికారాన్ని నిజాం బ్రిటిష్ వారికి ఇచ్చాడు గనుక స్టేషనులో ఎవరినైనా పట్టుకోవచ్చునని ప్రభుత్వ వాదన. 1897లో లండనులోని ప్రివీ కౌన్సిల్ ఈ వాదనను తోసిపుచ్చింది. నిజాం ఇచ్చింది రైల్వే పరిపాలనకు అవసరమైన అధికారం మాత్రమేనని, ఆ భూమి నిజాం రాజ్యంలో భాగంగానే ఉందని, అరెస్టు చెల్లదని తీర్పు చెప్పింది.

ఈ తీర్పులోని సారాన్ని గమనించాలి. ఇచ్చిన అధికారానికి హద్దు ఉంది. హద్దు దాటిన అధికారం, ఎంత బలవంతుడిదైనా, అధికారం కాదు. సామ్రాజ్యం ఉచ్ఛదశలో ఉండగా, సామ్రాజ్యపు సొంత న్యాయపీఠమే ఒక మామూలు మనిషి విషయంలో ఈ మాట చెప్పింది.

కాని రాజుకు ఆ ఉపశమనం దక్కలేదు. బీరారును తిరిగి ఇమ్మని, ఈ విషయంలో తాను బ్రిటిష్ ప్రభుత్వంతో సమానుడనని ఏడవ నిజాం మీర్ ఉస్మాన్ అలీఖాన్ వాదించినప్పుడు, వైస్రాయి లార్డు రీడింగ్ 1926 మార్చి 27న బదులిచ్చాడు. బ్రిటిష్ రాజరికపు సర్వాధిపత్యం కేవలం సంధుల మీద ఆధారపడినది కాదని, వాటికి అతీతంగా ఉన్నదని ఆ ఉత్తరం సారాంశం. బలమే మూలం, సంధి దాని నీడ అన్నమాట.

4. పారిస్ నగరంలో హైదరాబాదు ప్రశ్న

1947లో బ్రిటిష్ సర్వాధిపత్యం ముగిసింది. అది ఎవరికి సంక్రమించింది? ఎవరికీ కాదని, తాను స్వతంత్ర సార్వభౌముడినని నిజాం ప్రకటించాడు. ఆయనకు రాజ్యాంగ సలహాదారు ఇంగ్లండుకు చెందిన సర్ వాల్టర్ మాంక్టన్. చుట్టూ భారతదేశం ఉండగా, ప్రజలలో అధిక సంఖ్యాకులు విలీనం కోరుతుండగా అది సాధ్యం కాదని భారత ప్రభుత్వ వాదన. 1947 నవంబరు 29న ఒక సంవత్సర కాలానికి యథాతథ ఒప్పందం కుదిరింది. రజాకార్ల దౌర్జన్యాలు, తెలంగాణ రైతుల సాయుధ పోరాటం, సరిహద్దు ఘర్షణలు, ఆర్థిక దిగ్బంధం మధ్య ఆ ఒప్పందం నలిగిపోయింది.

1948 ఆగస్టు 21న హైదరాబాదు ప్రభుత్వం ఐక్యరాజ్యసమితి భద్రతా మండలికి ఫిర్యాదు పంపింది. సభ్యత్వం లేని రాజ్యం కూడా తన వివాదాన్ని తీసుకురావచ్చునని సమితి అధికారపత్రంలోని 35వ అధికరణం చెబుతుంది. కాని హైదరాబాదు ఆ అర్థంలో రాజ్యమేనా? కాకపోతే, ఇది దేశపు అంతరంగిక విషయం గనుక సమితి జోక్యం తగదని రెండవ అధికరణం అడ్డు వస్తుంది. తాళం, తాళంచెవి రెండూ ఒకే ప్రశ్నలో ఉన్నాయి.

సెప్టెంబరు 13న భారత సైన్యం హైదరాబాదు సంస్థానంలో ప్రవేశించింది. 16న పారిస్‌లో సమావేశమైన భద్రతా మండలి ఎనిమిది ఓట్లతో విషయాన్ని చర్చనీయాంశంగా స్వీకరించింది. ముగ్గురు సభ్యులు ఓటు వేయలేదు. హైదరాబాదు పక్షాన మొయిన్ నవాజ్ జంగ్, భారతదేశం పక్షాన రామస్వామి మొదలియార్ మాట్లాడారు. మరునాడే నిజాం కాల్పుల విరమణ ప్రకటించాడు. 18న సైన్యాధికారి ఎల్ ఎద్రూస్ జనరల్ చౌధురికి లొంగిపోయాడు. 22న ఫిర్యాదు ఉపసంహరించుకుంటున్నట్లు నిజాం తంతి పంపాడు. 1949 మే నెలలో మండలి మరల ఈ విషయం విన్నది. తీర్మానం ఏదీ చేయలేదు. హైదరాబాదు రాజ్యమా కాదా అన్న ప్రశ్నకు జవాబు చెప్పకుండానే ఆ కాగితాలు మూతబడ్డాయి. అమెరికా అంతర్జాతీయ న్యాయ పత్రికలో తారకనాథ్ దాస్ 1949లో, క్లైడ్ ఈగిల్టన్ 1950లో ఈ విషయం మీద వ్యాసాలు వ్రాశారు. పండితుల చర్చ కొనసాగింది, న్యాయపీఠం మాత్రం మౌనంగా ఉండిపోయింది.

అదే పారిస్‌లో, అదే సంవత్సరం డిసెంబరు 9న జాతి నిర్మూలన నేరపు ఒడంబడికను, 10న విశ్వ మానవ హక్కుల ప్రకటనను సమితి సర్వసభ్య సభ ఆమోదించింది. రాజ్యం కాని మనిషికి కూడా లోకం ముందు విలువ ఉందని ఆ పత్రాలు చెప్పాయి. ఆ వారాలలోనే పండిత సుందర్‌లాల్, ఖాజీ అబ్దుల్ గఫార్ ప్రభృతులు భారత ప్రభుత్వ ఆదేశంపై హైదరాబాదు సంస్థానపు జిల్లాలలో తిరుగుతున్నారు. రజాకార్ల చేతిలో హిందువులు అనుభవించిన బాధలు నిజం. పోలీసు చర్య జరుగుతుండగానూ, ఆ తరువాతనూ ముస్లింల మీద జరిగిన ప్రతీకార హత్యలూ నిజం. మితంగా లెక్కించినా 27,000 నుండి 40,000 వరకు ప్రాణాలు పోయి ఉంటాయని ఆ బృందం అంచనా వేసింది. ఆ నివేదిక దశాబ్దాల తరబడి ప్రచురణకు నోచుకోలేదు.

5. ఒక మిలియను పౌండ్లు

హైదరాబాదు రాజ్యపు కథ అక్కడ ముగిసింది. దాని సొమ్ము కథ అప్పుడే మొదలైంది. లొంగుబాటు జరిగిన రెండు రోజులకు, 1948 సెప్టెంబరు 20న, లండనులోని వెస్ట్‌మిన్‌స్టర్ బ్యాంకులో నిజాం ప్రభుత్వపు ఖాతా నుండి 10,07,940 పౌండ్ల 9 షిల్లింగులు పాకిస్తాన్ హైకమిషనరు హబీబ్ రహీంతుల్లా పేరు మీదికి మారాయి. ఆ మార్పు మొయిన్ నవాజ్ జంగ్ చేతుల మీదుగా జరిగింది. తన అనుమతి లేకుండా ఇది జరిగిందని, సొమ్ము తిరిగి ఇమ్మని నిజాం వారం రోజులలోనే బ్యాంకును కోరాడు. బ్యాంకు ఇవ్వలేదు.

1954లో నిజాం ఇంగ్లండు న్యాయస్థానంలో వ్యాజ్యం వేశాడు. సొమ్ము ఎవరిదో తేల్చకముందే ఒక గోడ అడ్డు నిలిచింది. ఒక సార్వభౌమ రాజ్యాన్ని మరొక రాజ్యపు న్యాయస్థానం ముందుకు ఈడ్వరాదన్నది పాత నియమం. దీనినే సార్వభౌమ రక్షణ అంటారు. రహీంతుల్లా తన కోసం గాక పాకిస్తాన్ కోసం సొమ్ము పట్టుకున్నాడు గనుక అతనిపై దావా వేయడం పాకిస్తాన్‌పై దావా వేయడమేనని వాదన. అప్పీలు కోర్టు నిజాం పక్షాన నిలిచినా, 1957 నవంబరులో హౌస్ ఆఫ్ లార్డ్స్ పాకిస్తాన్ వాదనను అంగీకరించింది. వ్యాజ్యం ఆగిపోయింది. సొమ్ము బ్యాంకులో స్తంభించిపోయింది.

ఆ తీర్పులో ఒక్క న్యాయమూర్తి వేరే దారిలో ఆలోచించాడు. లార్డు డెన్నింగ్ ఫలితంతో ఏకీభవిస్తూనే, అసలు నియమాన్నే ప్రశ్నించాడు. ప్రతివాది ఎవరు అని కాదు, వివాదం ఎటువంటిది అని అడగాలన్నాడు. విదేశీ ప్రభుత్వపు శాసనాలు, రాజకీయ నిర్ణయాలు, ప్రభుత్వాల మధ్య వ్యవహారాలు అయితే రక్షణ ఇవ్వాలి. కేవలం వర్తక వ్యవహారమైతే రాజ్యం కూడా వర్తకునిలాగే బదులు చెప్పాలి. మిగిలిన న్యాయమూర్తులు ఈ మాటలకు తాము కట్టుబడమని స్పష్టం చేశారు. కాని విత్తనం నేలలో పడింది. 1977లో నైజీరియా కేంద్ర బ్యాంకు సిమెంటు వ్యవహారంలో అప్పీలు కోర్టులో కూర్చున్న డెన్నింగ్ తన సూత్రాన్ని మరల ప్రతిపాదించాడు. 1978లో బ్రిటిష్ పార్లమెంటు చేసిన చట్టం వర్తక వ్యవహారాలకు సార్వభౌమ రక్షణ లేదని నిర్ణయించింది. హైదరాబాదు సొమ్ము హైదరాబాదుకు రాలేదు గాని, ఆ సొమ్ము మీద జరిగిన వాదం న్యాయశాస్త్రపు దిశను మార్చడంలో పాలుపంచుకుంది.

నిజాం 1967లో మరణించాడు. 2013లో పాకిస్తాన్ తానే బ్యాంకుపై దావా వేసింది. న్యాయస్థానాన్ని ఆశ్రయించినవాడు న్యాయస్థానం నుండి రక్షణ కోరలేడు. ఆ అడుగుతో డాలు కింద పడింది. వ్యాజ్యాన్ని విరమించుకోవాలన్న పాకిస్తాన్ ప్రయత్నాన్ని కూడా కోర్టు అంగీకరించలేదు. 2019 అక్టోబరు 2న జస్టిస్ మార్కస్ స్మిత్ తీర్పు చెప్పాడు. పాకిస్తాన్ ఆ సొమ్మును నిజాం నిమిత్తం ధర్మకర్తగా మాత్రమే పట్టుకుందని, అప్పటికి దాదాపు 350 లక్షల పౌండ్లకు పెరిగిన మొత్తం భారతదేశానికీ, నిజాం మనుమలు ముకర్రం జా, ముఫఖం జాలకూ చెందుతుందని తేల్చాడు. 1948 సైనిక చర్య న్యాయమా కాదా అన్నది ఈ సొమ్ము ఎవరిదో తేల్చడానికి అవసరం లేదని కూడా అన్నాడు. భద్రతా మండలి వదిలేసిన ప్రశ్నను లండను కోర్టు కూడా పక్కన పెట్టింది.

6. జాలరులు, తెలుగు న్యాయకోవిదులు

సార్వభౌమ రక్షణ అనేది రాజుల సొమ్ము వరకే పరిమితమైన విషయం కాదు. 2012 ఫిబ్రవరి 15న కేరళ తీరానికి ఆవల ఎన్రికా లెక్సీ అనే ఇటలీ నౌక నుండి ఇటలీ నావికులు కాల్పులు జరపగా ఇద్దరు జాలరులు చనిపోయారు. విషయం అంతర్జాతీయ మధ్యవర్తిత్వ మండలికి వెళ్ళింది. అందులో భారతదేశం నియమించిన సభ్యుడు డాక్టర్ పి. చంద్రశేఖరరావు. ఆయన కృష్ణా జిల్లా వీరులపాడులో 1936లో జన్మించాడు. హాంబర్గులోని అంతర్జాతీయ సముద్ర న్యాయస్థానంలో 1996 నుండి న్యాయమూర్తిగా, 1999 నుండి 2002 వరకు అధ్యక్షుడిగా సేవ చేశాడు. 2018లో ఆయన మరణించిన తరువాత ఆ స్థానంలోకి డాక్టర్ పెమ్మరాజు శ్రీనివాసరావు వచ్చాడు. ఒక దేశపు కార్యకలాపాల వల్ల పొరుగు దేశానికి హాని జరగకుండా నివారించే నియమాలను ఐక్యరాజ్యసమితి న్యాయ కమిషనులో రూపొందించిన ప్రత్యేక నివేదకుడు ఆయనే. ఆ నియమాలు 2001లో పూర్తయ్యాయి.

2020లో వెలువడిన తీర్పులో మండలి అధిక సంఖ్యాకులు ఆ నావికులు రాజ్యాధికారులు గనుక భారత న్యాయస్థానాలు వారిని విచారించరాదని నిర్ణయించారు. శ్రీనివాసరావు దానితో విభేదించాడు. అయితే జాలరులకు, పడవ యజమానికి జరిగిన నష్టానికి ఇటలీ పరిహారం చెల్లించాలని మండలి ఆదేశించింది. ఇటలీ చెల్లించిన 10 కోట్ల రూపాయలు జమ అయిన తరువాత 2021 జూన్‌లో భారత సుప్రీంకోర్టు మన దేశంలోని కేసులను ముగించింది. నిజాం సొమ్మును ఆపిన డాలే ఇక్కడ తుపాకీ పట్టినవారిని కాపాడింది. కాని ఈసారి డాలు చాటున నిలిచిన రాజ్యం కూడా నష్టపరిహారం చెల్లించక తప్పలేదు.

7. మన పరిచర్యకు

జెంటిలీ దైవశాస్త్రజ్ఞులను మౌనంగా ఉండమన్నాడు. తమ మతాన్ని గెలిపించడానికి న్యాయాన్ని వాడుకునేవారికి ఆ మాట తగినదే. కాని రాజుకు పైన న్యాయం ఉందని చెప్పడం మనకు పరాయి పని కాదు. ద్వితీయోపదేశకాండం 17వ అధ్యాయం రాజు ధర్మశాస్త్రపు ప్రతిని తన కోసం వ్రాసుకొని బ్రదుకు దినములన్నియు చదవాలని ఆజ్ఞాపిస్తుంది. నాబోతు ద్రాక్షతోట వృత్తాంతంలో అహాబు ఇంటివారు న్యాయసభనూ సాక్షులనూ వాడుకునే తోటను లాక్కున్నారు. చట్టపు రూపం ఉన్నంత మాత్రాన న్యాయం జరిగినట్టు కాదని ఆ అధ్యాయం నేర్పుతుంది. అపొస్తలుడైన పౌలు తన పౌరసత్వపు హక్కును, పైకోర్టుకు చెప్పుకునే హక్కును వాడుకోవడానికి వెనుకాడలేదు.

ధర్మకర్తృత్వం గురించి కూడా ఒక మాట. ఇతరుల నిమిత్తం సొమ్ము పట్టుకున్నవాడు, ఎంత పెద్దవాడైనా, దానికి యజమాని కాడని 2019 తీర్పు సారం. మిషను ఆస్తులు, సంఘ స్థలాలు, సమాధి భూములు మన కమిటీల చేతుల్లో ఉన్నాయి. ఇది మన ఇంటి పాఠం.

చివరిగా ఒక విషయం మనస్సును కలచివేస్తుంది. నిజాం పది లక్షల పౌండ్లకు డెబ్బయి ఏళ్ళు వాదించే న్యాయవాదులు దొరికారు. షిల్లింగులతో సహా లెక్క నిలిచింది. అదే నెలలో చనిపోయినవారి లెక్క 27,000 నుండి 40,000 వరకు అన్న అంచనాగానే మిగిలిపోయింది. వారి పేర్లు ఏ వ్యాజ్యపు కాగితాలలోనూ లేవు. అంతర్జాతీయ న్యాయం ఎంత ఎదిగిందో, ఇంకా ఎంత ఎదగాలో ఈ రెండు లెక్కలను పక్కపక్కన పెట్టి చూస్తే తెలుస్తుంది. తెలంగాణ గ్రామాల్లో పరిచర్య చేసే కాపరులు తమ ఊరి వృద్ధులు, వారి పిల్లలు చెప్పే 1948 నాటి మాటలను, ఏ మతస్థులవైనా, వ్రాసి పెట్టగలరు. ఏ న్యాయస్థానమూ చేయని పని అది. సాలమాంకాలోని సన్యాసికి ఉన్నంత పదవి దానికి అక్కరలేదు. ఓపిక, నిజాయితీ ఉంటే చాలు.